సిరీస్ చూసి ఏజెంట్ అవుతానంటోంది!

ప్రశ్న: మా అమ్మాయి బీకాం ఆఖరి సంవత్సరం. ‘కాల్ మై ఏజెంట్’ అనే ఫ్రెంచ్ సిరీస్ చూసి, సినిమా తారలకు ఏజెంట్ అవుతానంటోంది. ముంబైలో సెలబ్రిటీ మేనేజ్‌మెంట్ డిప్లొమాకు ఐదు లక్షల ఫీజట. దానికంటే ఎంబీఏ మేలు కదా? సినిమావాళ్ల మధ్య ఆడపిల్ల అంటే బంధువులు ఏమనుకుంటారోనని టెన్షన్.
– ఒక తల్లి, గుంటూరు

జవాబు: అమ్మా, అడిగింది ఎంబీఏ గురించే అయినా మీ భయమంతా సినిమావాళ్ల గురించి. ఇలాంటి ఉత్తరాలు నాకు కొత్త కాదు. మీ ఉత్తరంలో బంధువులున్నారు, ఫీజు ఉంది. అమ్మాయికి ఏం బాగా వచ్చో ఒక్క ముక్క లేదు. కోప్పడుతున్నాననుకోకండి, అదే కదా ముందు రాయాల్సింది?

ఆ సిరీస్ మీరూ ఆమె పక్కన కూర్చుని చూడండి. 2015 నుంచి 2020 దాకా ఫ్రాన్స్ 2 చానల్లో నాలుగు సీజన్లు వచ్చింది. పెద్ద తారలు తమ సొంత పేర్లతోనే నటించారు. అందులో గ్లామర్ కంటే చాకిరీయే ఎక్కువ. మొదటి ఎపిసోడ్‌లోనే సెసిల్ ద ఫ్రాన్స్ అనే నటికి వయసు ఎక్కువైందని హాలీవుడ్ వేషం చేజారుతుంది. ఆ మాట ఆమెకు చెప్పాల్సింది ఏజెంటే. మరోచోట నటి ఇసబెల్ యుపేర్ ఒకేసారి రెండు సినిమాలు ఒప్పేసుకుంటుంది. కాల్షీట్ల గొడవ పారిస్‌లోనూ ఉందన్నమాట!

సిరీస్ పెద్దగా చూపించనిది ఒకటుంది. ఒప్పందం చదవడం, బాకీలు రాబట్టడం, జీఎస్టీ, టీడీఎస్ లాంటి పన్ను లెక్కలు. బీకాం పిల్లకు అక్కడే పైచేయి.

డిప్లొమా మీద మాత్రం నాకు నమ్మకం లేదు. ఆ సిరీస్‌కు మూల ఆలోచన ఇచ్చిన దొమినిక్ బెనెయార్ నటీనటుల్ని ఎంపిక చేసే పని చేసి, ఆ తర్వాత ఏజెంట్ అయ్యారు. కథలోని కమీయ్ కూడా అసిస్టెంట్‌గానే చేరుతుంది. ఈ పని ఒకరి కింద ఉండి నేర్చుకునేదే. మన తెలుగు హీరోల డేట్లు చూసే మేనేజర్లలో చాలామంది అలా వచ్చినవాళ్లే. బ్రోషర్‌లో తారల ఫొటోలు కాదు, కిందటి బ్యాచ్‌వాళ్ల జీతాలు చూపించమనండి. ఇంకో సంగతి, ఫ్రాన్స్‌లో ఏజెంటు కమిషన్‌కు చట్టమే సాధారణంగా 10 శాతం పరిమితి పెట్టింది. మన దగ్గర ఒప్పందంలో ఎంత రాసుకుంటే అంత. అదీ ఏజెన్సీకే వెళ్తుంది, కొత్తగా చేరినవాళ్లకు దక్కేది జీతమే.

ఎంబీఏనా? ఏదో ఒక కాలేజీలో ఏదో ఒక ఎంబీఏ అయితే వద్దు. మూడేళ్ల ఎల్ఎల్‌బీ నయం. దాని ప్రవేశ పరీక్ష లాసెట్ సంగతి మీకు తెలిసిందే. ఏజెన్సీ కుదరకపోయినా చేతిలో లా డిగ్రీ ఉంటుంది.

భద్రత గురించి అడగడం న్యాయమే. ఆఫర్ లెటర్, ఆఫీసు అడ్రసు చూడండి. పదిమంది, అంతకు మించి పనిచేసేచోట మహిళలపై లైంగిక వేధింపుల్ని అరికట్టే 2013 చట్టం ప్రకారం ఫిర్యాదులు వినే అంతర్గత కమిటీ ఉండాలి, ఉందో లేదో అడగండి. ఉద్యోగానికి డబ్బు కట్టమంటే వచ్చేయమనండి.

ఈ సెలవుల్లో హైదరాబాద్‌లో ఏదైనా ఈవెంట్ సంస్థలోనో, ఇన్‌ఫ్లుయెన్సర్ల పనులు చూసే ఆఫీసులోనో ఇంటర్న్‌గా పంపండి. ఐదు లక్షలు బ్యాంకులోనే ఉంచండి. అన్నట్టు, అమ్మాయి హిందీ ఎలా ఉందో రాయలేదు. ముంబైలో ఫోన్ ఎత్తితే ముందు కావాల్సింది అదే.