ముప్పై ఏళ్లకే బామ్మ వేషం: మేనకోడలికి లేఖ

చిరంజీవి మేనకోడలికి అత్తయ్య ఆశీస్సులు.

ముప్పై ఏళ్లకే బామ్మ వేషం వచ్చిందనీ, ఒప్పుకుంటే ఇక నాయిక పాత్రలకు పిలవరేమోనని బెంగగా ఉందనీ రాశావు. పరిషత్తు నాటకాల్లో ఆ వయసులోనే తల్లి పాత్రలకు మారినదాన్ని కనుక నీ బెంగ నాకు కొత్త కాదు. అయితే నా అనుభవం కంటే మెక్సికో నటి సారా గార్సియా జీవితం నీకు ఎక్కువ ఉపయోగపడుతుంది.

1895లో వెరాక్రూస్ రాష్ట్రంలోని ఒరిసాబాలో పుట్టిన ఆమె నడివయసులోనే, వృద్ధురాలిగా నమ్మించడానికి పళ్లు తీయించుకున్నారు. ఆ పని నువ్వు చేయవద్దు. ఆమె పట్టుదలను మాత్రం గుర్తుపెట్టుకో. 1941లో హువాన్ బుస్తీయో ఓరో తీసిన ‘కువాందో లోస్ ఈహోస్ సే వాన్’లో ఫెర్నాందో సోలెర్ పక్కన తల్లిగా నటించి, ఆ తరువాత మెక్సికో వాళ్లందరికీ అమ్మమ్మ అయ్యారు.

నువ్వు తప్పక చూడవలసింది ఇస్మాయెల్ రోద్రిగెస్ దర్శకత్వంలో 1947లో వచ్చిన ‘లోస్ త్రెస్ గార్సియా’. అందులో ఆమె మనవడిగా నటించిన పేద్రో ఇన్ఫాంతే నిజానికి ఆమెకంటే 22 ఏళ్లే చిన్న. నోట్లో చుట్ట, చేతిలో కర్ర పెట్టుకుని, ఒకరితో ఒకరికి పడని ముగ్గురు మనవళ్లను ఆవిడ అదిలిస్తూ ఉంటే, అంత ఎత్తు మగవాళ్లూ పసివాళ్లలా తల దించుకుంటారు. ఆ తల దించుకోవడమే ఆమెను మన కళ్లకు పెద్దావిడను చేస్తుంది. కాబట్టి నువ్వు నడుం వంచి, గొంతు వణికించి, మాటకోసారి దగ్గవద్దు. మొదటి నాటకంలో నేను ఆ మూడూ చేసి, రెండో అంకానికే ప్రేక్షకుల నమ్మకం పోగొట్టుకున్నాను.

ఒకే మూసలో ఇరుక్కుపోతానన్న భయానికి కూడా ఆమె దగ్గరే సమాధానం ఉంది. 1972లో లూయిస్ అల్కొరీసా తీసిన ‘మెకానికా నాసియొనాల్’లో, డెబ్భై అయిదు దాటిన వయసులో, బూతులు మాట్లాడే, కారు పందేలు చూడబోయి తిండి మితిమీరి ప్రాణం వదిలే ముసలమ్మగా నటించారు. ముప్పై ఏళ్లపాటు తాను కట్టుకున్న పూజ్యమైన రూపాన్ని తన చేతులతోనే పక్కన పెట్టిన ఆ ధైర్యం నాకు ఆమె నటనంతటిలోకీ ఎక్కువ ఇష్టం. అయినా జనం ఆ అమ్మమ్మను వదులుకోలేదు. ఇప్పటికీ అక్కడ ఒక చాక్లెట్ డబ్బా మీద ఆమె బొమ్మే ఉంటుంది.

ఇక నీ పని. ఒప్పందం మీద సంతకం పెట్టే ముందు పూర్తి స్క్రిప్టు అడిగి చదువు. ఆ బామ్మ కథలో ఒక్క నిర్ణయమైనా తీసుకుంటుందా, ఎవరినైనా ఎదిరిస్తుందా చూడు. ఏడవడానికీ, చనిపోవడానికీ మాత్రమే ఉంటే వద్దని మర్యాదగా చెప్పు.

ఒప్పుకుంటే, వచ్చే ఆదివారం మా ఇంటికి రా. మా అత్తగారు మెట్టు దిగేముందు పాదంతో అంచు తడిమి, గోడ మీద చెయ్యి ఆన్చి, ఆ తరువాతే బరువు వేస్తారు. ఒక పూట ఆవిడ పక్కన కూర్చుని చూడు.

నీ అత్తయ్య