ఆ క్యూలోకి ఎవరూ తోలలేదు
పాఠకుల ప్రశ్నలు – జవాబులు

ప్రశ్న: మా పెద్దబ్బాయి సింగపూర్‌లో ఉద్యోగం చేస్తున్నాడు. 2015లో ఆ దేశ మొదటి ప్రధాని లీ క్వాన్ యూ పోయినప్పుడు లక్షల మంది గంటల తరబడి క్యూలో నిలబడ్డారని చెప్తుంటాడు. మన దగ్గర సభలకు లారీలు పెట్టి తోలినట్టు జనాన్ని తోలారా, వాళ్లంతట వాళ్లే వచ్చారా? అప్పట్లో మీరూ అక్కడే ఉన్నారు కదా.
– ఒక పాఠకుడు, ఒంగోలు

జవాబు: వాళ్లంతట వాళ్లే వచ్చారండి. ఆ క్యూలో నేనూ ఉన్నాను, అందుకే ఇంత గట్టిగా చెప్తున్నాను.

ఆయన మార్చి 23 తెల్లవారుజామున 3.18కి పోయారు. 91 ఏళ్లు. న్యుమోనియాతో ఫిబ్రవరి మొదటి వారంలో ఆసుపత్రిలో చేరారు. మొదటి రెండు రోజులు కుటుంబానికి వదిలేసి, 25న శవపేటికను పార్లమెంట్ భవనానికి తెచ్చారు. రోజూ రాత్రి 8 గంటల దాకానే దర్శనం అన్నారు. కానీ జనం వచ్చిపడుతుంటే రాత్రింబవళ్లు తలుపులు తెరిచే ఉంచారు. రైళ్లూ రాత్రంతా నడిపారు. ముగిసేసరికి లెక్క 4,54,687. దేశ జనాభా అప్పటికి 55 లక్షలే!

నేను ఆఫీసు స్నేహితురాలితో కలిసి రాత్రి పదకొండు దాటాక పడాంగ్ మైదానం దగ్గర క్యూలో చేరాను. స్కూలు యూనిఫాం పిల్లలు, చంటిబిడ్డను ఎత్తుకున్న మలయ్ తల్లి, లుంగీ మీదే వచ్చేసిన తమిళ పెద్దాయన... అందరూ ఒకే వరుసలో. వలంటీర్లు నీళ్ల సీసాలు, బిస్కెట్లు పంచుతున్నారు. తోసుకోవడం లేదు, కేకలు లేవు.

నా ముందు ఒక టాక్సీ డ్రైవర్ నిలబడ్డాడు. అరవై దాటిన చైనీస్ ఆయన. ఆ రాత్రి బండి తిప్పకుండా వచ్చాడు. చొక్కా జేబులోంచి ప్లాస్టిక్ కవర్లో పెట్టిన పాత ఫోటో తీసి చూపించాడు. అంచులు పసుపెక్కాయి. వంటింట్లో కుళాయి తిప్పి, కింద రెండు చేతులూ పెట్టి నవ్వుతున్న ఆవిడ వాళ్లమ్మ. 1961 మే 25న బుకిట్ హో స్వీ అనే పేటలో గుడిసెలు తగలబడిపోయి 16,000 మంది దాకా రోడ్డున పడ్డారు. వాళ్లలో ఈయన కుటుంబం ఒకటి. ఏడాది తిరిగేలోపు అక్కడే ప్రభుత్వ ఫ్లాట్లు లేచాయి. అంతకుముందు వీధి కుళాయి దగ్గర బిందెలు పెట్టుకుని కాచుకున్న తల్లికి ఇంట్లోనే నీళ్లు వచ్చాయి. "మా అమ్మ తరఫున వచ్చాను" అన్నాడు. అంతకు మించి ఏం మాట్లాడలేదు.

లోపల జెండా కప్పిన పేటిక, నాలుగు మూలలా తల దించుకుని నిలబడ్డ అధికారులు. మనిషికి కొన్ని క్షణాలే. టాక్సీ డ్రైవర్ నడుము వంచి మూడుసార్లు దండం పెట్టి కదిలాడు. ఇలాంటి మనిషిని ఏ లారీ తీసుకురాగలదు చెప్పండి?

ప్రశ్న: 31 ఏళ్లు ఒక్కడే ప్రధాని. ఎదురు మాట్లాడినవాళ్లను జైల్లో వేశాడు. అలాంటి మనిషి పోతే కన్నీళ్లెందుకు? మీలాంటివాళ్లు ఇలా పొగిడితేనే నియంతలు తయారవుతారు.
– డిగ్రీ విద్యార్థిని, వరంగల్

జవాబు: నీ కోపంలో న్యాయం ఉందమ్మా. 1959 నుంచి 1990 దాకా ఆయనే ప్రధాని. ఆ తర్వాత కూడా 2011 వరకు మంత్రివర్గంలోనే ఉన్నారు. 1963 ఫిబ్రవరి 2న ఒక్కరోజే వంద మందికి పైగా వామపక్షవాదులను, కార్మిక నాయకులను విచారణ లేకుండా నిర్బంధించారు. ఆయనతో కలిసి పార్టీ పెట్టిన లిమ్ చిన్ సియాంగ్ కూడా వాళ్లలో ఉన్నాడు. చియా థై పో అనే ఎంపీని 1966లో పట్టుకుంటే 23 ఏళ్ల పాటు ఒక్కరోజు కూడా కోర్టులో విచారణ జరపలేదు. 1989లో జైలు నుంచి తీసి సెంటోసా ద్వీపంలో పెట్టారు. ఇవాళ మనవాళ్లు పిల్లలతో వెళ్లి సెల్ఫీలు దిగే సెంటోసానే! ఆ మనిషి యవ్వనమంతా పోయింది. ఇళ్లు కట్టించారు కదా అని దాన్ని మాఫీ చేయడానికి నాకు మనసు ఒప్పదు.

సంతాపం రోజుల్లో కూడా అదే తీరు. నిరసనలకు అనుమతి ఉన్న ఏకైక చోటు హాంగ్ లిమ్ పార్కును నివాళి కేంద్రంగా మార్చి, అక్కడి ప్రసంగాలు ఆపేశారు. అంత జనం ప్రేమగా వచ్చినప్పుడు నలుగురు విమర్శిస్తే భయమెందుకు?

అయినా ఆ టాక్సీ డ్రైవర్ కన్నీళ్లను నేను అబద్ధం అనను. అతను ఏడ్చింది వాళ్లమ్మ బతుకు మారినందుకు. మనం చేయకూడనిది ఒకటుంది: ఆ కన్నీళ్లు చూపించి జైళ్లను కప్పిపుచ్చడం. అదే ఏడాది సెప్టెంబరు ఎన్నికల్లో ఆయన పార్టీ ఓట్లు 60 శాతం నుంచి దాదాపు 70 శాతానికి పెరిగాయి. ఈ సానుభూతి కూడా అందులో ఒక కారణమని చాలామంది అన్నారు, నేనూ నమ్ముతాను. 2015లోనే మన అమరావతికి మాస్టర్ ప్లాన్ గీసిచ్చిందీ సింగపూర్ వాళ్లే. "మనకూ ఒక లీ క్వాన్ యూ కావాలి" అన్న మాట అప్పట్లో చాలాసార్లు విన్నాను. కావాల్సింది ఆ కుళాయి, ఆ ఇంటి తాళంచెవి. వాటి కోసం ఎవరినో 23 ఏళ్లు బంధించక్కర్లేదు.

ప్రశ్న: ప్రభుత్వ లాంఛనాలు అక్కడెలా ఉంటాయి? మన దేశం నుంచి ఎవరైనా వెళ్లారా?
– ఒక పాఠకురాలు, విజయనగరం

జవాబు: మార్చి 29, ఆదివారం. కుండపోత వాన. ఫిరంగి బండి మీద గాజుపెట్టెలో శవపేటిక 15.4 కిలోమీటర్లు సాగింది. 21 సార్లు శతఘ్నులు పేల్చారు, నాలుగు యుద్ధవిమానాలు ఎగిరాయి. జనం తడుస్తూనే దారి పొడవునా నిలబడ్డారు. విశ్వవిద్యాలయ హాల్లో సభ, దేశమంతా సైరన్ మోగించి నిమిషం మౌనం. కొడుకు లీ సియెన్ లూంగ్ అప్పుడు ప్రధాని. దహనం మాత్రం మండాయ్‌లో కుటుంబ సమక్షంలోనే జరిగింది, కెమెరాలు లేవు. అది నాకు బాగా నచ్చింది. మన ప్రధాని మోదీ వెళ్లారు. ఇక్కడ కూడా ఆ రోజు జెండాలు సగానికి దించారు.

ప్రశ్న: వచ్చే నెల సింగపూర్ వెళ్తున్నాం. ఆయన సమాధి ఎక్కడుంది? మన రాజ్‌ఘాట్ లాంటిది ఉందా?
– ఒక పాఠకుడు, ఖమ్మం

జవాబు: లేదండి. తన అస్థికల్లో కొంత, 2010లో పోయిన భార్య అస్థికల్లో కలపాలని, ఇద్దరివీ పక్కపక్కన ఉంచాలని ముందే రాసిపెట్టారు. ఆక్స్‌లీ రోడ్డులోని ఇంటిని కూడా పడగొట్టేయమన్నారు. దాని మీదే 2017లో పిల్లల మధ్య గొడవ వీధికెక్కింది. లోపలికి వెళ్లి చూసే వీలు లేదు, అక్కడికి వెళ్లి టైం పాడుచేసుకోకండి. దానికి బదులు తోవా పాయో వెళ్లండి, అక్కడి ప్రభుత్వ ఫ్లాట్ల మధ్య ఒక సాయంత్రం నడవండి. కింద హోటళ్లలో కాఫీ బాగుంటుంది.