అణుబాంబులతో చెరువులు, కాలువలు తవ్వారన్న మాట నిజమేనా? నిజమైతే ఆ పద్ధతి ఎందుకు నిలబడలేదు?

నిజమే. అమెరికా 1957లో 'ప్లౌషేర్' అనే పేరుతో ఈ కార్యక్రమాన్ని మొదలుపెట్టి 1977 వరకు నడిపి, 27 పరీక్షలు చేసింది. సోవియట్ యూనియన్ 1965 నుంచి 1988 వరకు తవ్వకాలతో సహా రకరకాల శాంతియుత పనులకని అణు పేలుళ్లు 120కి పైగా జరిపింది. అవి ఎందుకు నిలబడలేదన్నది మాత్రం నాకు చదువుకన్నా మా నుయ్యి తవ్వకం వల్లే బాగా అర్థమైంది.

మాది టెక్కలి దగ్గర పల్లె. 1974 వేసవిలో మా నాన్న పొలంలో నుయ్యి తవ్విస్తుంటే ఇరవై అడుగుల దిగువన నల్లరాయి తగిలింది. ఉక్కు కడ్డీని సమ్మెటతో కొట్టి కన్నాలు తొలిచి, వాటిలో తూటాలు కూరి, వత్తి అంటించి, కేకలు వేసుకుంటూ అందరూ దూరంగా పరుగెత్తేవారు. పేలుడు ఒక్క క్షణం. పొగ వాసన పూర్తిగా పోయేదాకా మేస్త్రి ఎవరినీ లోపలికి దిగనిచ్చేవాడు కాదు. ఆ తరువాత పగిలిన రాయిని గంపలకెత్తి తాళ్లతో పైకి లాగడానికి నాలుగైదు రోజులు పట్టేది. ఒకసారి రాళ్లు ఎగిరి పక్క పొలంలోని పశువుల పాక పెంకులు పగిలితే, ఆ ఖర్చు మా నాన్న నెత్తినే పడింది.

ఆ పని సాగుతుండగానే మే 18న పోఖ్రాన్‌లో భారతదేశం 'శాంతియుత అణు విస్ఫోటనం' జరిపిందని రేడియోలో విన్నాం. అటువంటి బాంబు ఒక్కటి దొరికితే మన రాయి చిటికెలో పోతుందని నేను ఉత్సాహంగా అంటే, మేస్త్రి బీడీ ఆర్పుతూ "పేల్చీడం సరే, రాయెవులెత్తుతారు బాబూ?" అన్నాడు. అణుధార్మికత గురించి అతడికి తెలుసునని నేను చెప్పను. తన పనిలోని కష్టమే అతడు చెప్పాడు.

ఎత్తేవారు లేకుండానే మట్టి దానంతటదే ఎగిరిపోయేలా పేల్చవచ్చునన్నది అమెరికా శాస్త్రవేత్తల ఆలోచన. 1962 జులై 6న నెవాడా ఎడారిలో 194 మీటర్ల లోతున 104 కిలోటన్నుల (ఒక కిలోటన్ను అంటే వెయ్యి టన్నుల టీఎన్‌టీ మందు పేలినంత శక్తి) 'సెడాన్' పేలుడు జరిపితే, కోటీ 20 లక్షల టన్నుల మట్టి లేచి, సుమారు 390 మీటర్ల వెడల్పు, వంద మీటర్ల లోతు గల గొయ్యి ఏర్పడింది. తవ్వకంగా అది అద్భుతమే, కాని దాని అణుధార్మిక ధూళి మేఘం వెయ్యి మైళ్లకు పైగా దూరంలోని అయోవా రాష్ట్రం దాకా వెళ్లింది. 1965 జనవరిలో సోవియట్‌లు కజకిస్తాన్‌లో 140 కిలోటన్నుల పేలుడుతో చాగాన్ చెరువును సృష్టించినప్పుడు దాని అణుధూళి జపాన్ దాకా చేరింది. మా పక్క పొలం పెంకులకైతే డబ్బిచ్చి సర్దుకున్నాం. ఇక్కడ పొరుగు అంటే మరో దేశం. పైగా అణుధూళి ఎల్లలు దాటేలా పేల్చరాదని 1963 నాటి ఒప్పందం అప్పటికే చెబుతోంది.

భూమి లోపల పేల్చి సహజవాయువు రాబట్టాలని 1967లో న్యూమెక్సికోలో 29 కిలోటన్నుల 'గ్యాస్‌బగ్గీ' పేలుడు జరిపారు. వాయువు వచ్చింది, కాని అందులో ట్రిటియం అనే అణుధార్మిక హైడ్రోజన్ కలిసి ఉండడంతో ఇళ్లకు అమ్మే వీలు లేకపోయింది.

అన్నీ విఫలమయ్యాయనడం మాత్రం న్యాయం కాదు. ఉజ్బెకిస్తాన్‌లోని ఉర్తాబులాక్‌లో 1963 చివర అంటుకుని మూడేళ్లపాటు ఆరని గ్యాస్ బావి మంటను, పక్కనుంచి ఏటవాలుగా రంధ్రం తవ్వి 1966 సెప్టెంబర్ 30న 30 కిలోటన్నుల బాంబు పేల్చి సోవియట్‌లు ఆర్పగలిగారు. పేలుడు ఒత్తిడికి చుట్టూ ఉన్న రాతిపొరలు నొక్కుకుని బావి మూసుకుపోయింది. అక్కడ రాయి ఎత్తవలసిన అవసరమూ లేదు, వాయువు వాడుకోవలసిన అవసరమూ లేదు. నా దృష్టిలో అది నెగ్గడానికి కారణం అదే.

ఇక మన పోఖ్రాన్ సంగతి. దానితో కాలువా తవ్వలేదు, చెరువూ తవ్వలేదు. ఆ ప్రయోగంలో ముఖ్యపాత్ర వహించిన రాజా రామన్న 1997లో అది బాంబేనని బాహాటంగా చెప్పారు. అంతకు ముందటి ఏడాది సిద్ధమైన సమగ్ర అణుపరీక్షల నిషేధ ఒప్పందం, ప్రయోజనం ఏదైనా అణు పేలుడు జరపరాదంటుంది. మన దేశం దానిపై సంతకం చేయలేదు, అది ఇంకా అమలులోకీ రాలేదు. అయినా 1988 తరువాత ఏ దేశమూ తవ్వకాల పేరు చెప్పి అణుబాంబు పేల్చలేదు.