డీఎస్సీ గైడు ఉండగా వెయ్యి రూపాయల పుస్తకం ఎందుకు?

ప్రశ్న: మాది ఆమదాలవలస దగ్గర పల్లె. నేను సెకండరీ గ్రేడ్ టీచర్‌ని. మా పాప ఇంటర్ బైపీసీ చేసింది. నీట్‌లో ర్యాంకు రాకపోతే తనకిష్టమని విశాఖలో డిగ్రీలో సైకాలజీ మేజర్‌గా తీసుకుంది. పదో తరగతి దాకా తెలుగు మీడియమే. సీనియర్లు నాలుగు ఇంగ్లీషు పుస్తకాల పేర్లు చెప్పారట, ఒక్కోటి వెయ్యి రూపాయలకు అటూ ఇటూ ఉంది. నేను డీఎస్సీకి చదివిన సైకాలజీ పుస్తకాలు, బిట్ బ్యాంకులు ఇంట్లోనే ఉన్నాయి. అవి సరిపోవా? కొనక తప్పదంటే ఏది కొనాలి? ‘ఏటి మాస్టారూ, పిచ్చోళ్ల చదువులో వేశారేటి గుంటని’ అంటున్నారు బంధువులు. దీంతో ఉద్యోగం వస్తుందా?

జవాబు: మాస్టారూ, నాలుగూ కొనొద్దు. ఒక్కటి చాలు, అదీ కొత్తది కానక్కర్లేదు. మీ డీఎస్సీ పుస్తకాలు మాత్రం పాత పేపర్లవాడికి వేసెయ్యకండి. వాటితో వేరే పనుంది, చివర్లో చెప్తాను.

మన శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల్లో సైకాలజీ పుస్తకం లేని వీధి ఉండదేమో. టెట్‌లో 150 మార్కులకు 30 మార్కులు శిశువికాసానిదే కాబట్టి టీచర్ ఉద్యోగం కోసం కూర్చున్న ప్రతి ఇంట్లోనూ ఒకటో రెండో ఉంటాయి. నా దగ్గరకొచ్చే పిల్లలు కూడా అవి తిరగేసే ఈ సబ్జెక్టు మీద ఇష్టం పెంచుకున్నామంటారు. మంచిదే. కానీ ఆ చదువు తీరు వేరు. పావ్‌లోవ్ అనగానే కుక్క, థార్నడైక్ అనగానే పిల్లి, స్కిన్నర్ అనగానే ఎలుక, కోహ్లర్ అనగానే చింపాంజీ. మొత్తం సైకాలజీ ఒక జూ పార్కులా కనిపిస్తుంది. పేరు చూసి జంతువును పట్టుకుంటే మార్కు వచ్చేస్తుంది.

డిగ్రీ మొదటి సంవత్సరం పుస్తకం అక్కడ ఆగదు. అసలు పావ్‌లోవ్‌కి కుక్కతో ఏం పని? ఆయన జీర్ణక్రియ మీద పని చేసిన శరీరధర్మ శాస్త్రవేత్త. 1904లో నోబెల్ బహుమతి వచ్చింది కూడా ఆ పనికే. లాలాజలం కొలుస్తుంటే, తిండి ఇంకా నోట్లో పడకముందే కుక్కకి నోరూరుతోందని గమనించారు. తన ప్రయోగానికి అడ్డొస్తున్న ఆ చిన్న చికాకునే ఆయన అసలు ప్రశ్నగా తీసుకున్నారు. ఎన్ని చుక్కలు, ఎంతసేపటికి, తిండికి ముందు వినిపించే గంటలాంటి శబ్దానికి కూడా నోరూరుతుందా, తిండి పెట్టడం మానేస్తే ఎన్నాళ్లకు ఆగిపోతుంది అని కొలుస్తూ పోయారు. బిట్‌లో కుక్క, గంట మిగిలాయి. పుస్తకంలో ఆ కొలవడం ఉంటుంది. మీ పాప నేర్చుకోవాల్సింది ఆ కొలవడమే.

ఇంకొకటి చెప్తాను, ఇది నేను నా దగ్గరకొచ్చే పిల్లల్ని తరచూ అడిగే ప్రశ్న. రుణాత్మక పునర్బలనం (నెగటివ్ రీఇన్‌ఫోర్స్‌మెంట్) అంటే ఏమిటి? పదిమందిలో ఏడెనిమిది మంది ‘శిక్ష’ అంటారు. రుణాత్మకం అన్న మాటలో చెడు వినిపిస్తుంది కదా, అందుకు. కానీ ఇక్కడ రుణం అంటే తీసివేత మాత్రమే. రాత్రి దోమలు కుడుతున్నాయి, లేచి దోమతెర కట్టారు, కుట్టడం ఆగింది. రేపు పడుకునే ముందే కడతారు. బాధ తీసెయ్యడం వల్ల తెర కట్టే అలవాటు బలపడింది, అది రుణాత్మక పునర్బలనం. శిక్ష దీనికి వ్యతిరేకం. అక్కడ అలవాటు తగ్గాలి. మీ క్లాసులో అల్లరి చేసేవాణ్ని బయట నిలబెట్టారనుకోండి, అల్లరి తగ్గితేనే అది శిక్ష. వాడికి లెక్కల పీరియడ్ తప్పిందని సంబరపడి రేపు ఇంకా ఎక్కువ అల్లరి చేస్తే, మీరు వాడికి ఇచ్చింది రుణాత్మక పునర్బలనం మాస్టారూ! మంచి పాఠ్యపుస్తకం ఈ ఒక్క తేడా మీద రెండు మూడు పేజీలు ఖర్చు పెడుతుంది. గైడులో దానికి ఒక లైను.

ఇక ఏ పుస్తకమో చూద్దాం. సీనియర్లు చెప్పే జాబితాలో మోర్గన్, కింగ్‌ల పుస్తకం తప్పకుండా ఉండి ఉంటుంది. మన దేశంలో రెండు మూడు తరాలు దాంతోనే చదివాయి, నేనూ దాంతోనే మొదలుపెట్టాను. కట్టుదిట్టమైన పుస్తకం. కానీ అందరి చేతుల్లో ఉన్న ఏడో ముద్రణ 1986 నాటిది. మెదడు స్కానింగుల వల్ల తెలిసిన సంగతులు అందులో ఉండవు. కాలేజీ లైబ్రరీలో ఉంటే చదవమనండి, కొనడానికి వద్దు. కొనదలిస్తే సిక్కరెల్లి, వైట్‌ల పుస్తకానికి గిరీశ్వర్ మిశ్రా చేసిన భారతీయ ముద్రణ చూడండి. ఇంగ్లీషు తేలిగ్గా ఉంటుంది, బొమ్మలుంటాయి, మన దేశపు ఉదాహరణలు కలిపారు.

కొనేముందు రెండు పనులు చేయించండి. రెండూ ఉచితమే. మొదటిది ఎన్‌సీఈఆర్‌టీ పదకొండో తరగతి సైకాలజీ పుస్తకం, వాళ్ల వెబ్‌సైట్లో పీడీఎఫ్ దొరుకుతుంది. మీ పాప ఇంటర్‌లో సైకాలజీ చదవలేదు, ఇంగ్లీషు కూడా కొత్త. ఇంటర్ నుంచి నేరుగా ఐదారువందల పేజీల పుస్తకంలో దూకితే మొదటి వారమే మునుగుతుంది. నెల రోజులు ఈ చిన్న పుస్తకం చదివితే కాళ్లకు నేల తగులుతుంది. రెండోది ఓపెన్‌స్టాక్స్ వాళ్ల సైకాలజీ పుస్తకం. అమెరికాలో యూనివర్సిటీ పిల్లల కోసం రాసి ఉచితంగా పెట్టారు, పదహారు అధ్యాయాలు, రెండో ముద్రణ 2020ది. నిజం చెప్పాలంటే ఈ రెండూ, కాలేజీ లైబ్రరీ ఉంటే మొదటి సంవత్సరం ఒక్క రూపాయి ఖర్చు లేకుండా గడిచిపోతుంది. కాకపోతే ఫోన్‌లో పీడీఎఫ్ తెరిచిన పిల్ల పది నిమిషాల్లో రీల్స్‌లోకి వెళ్లిపోతుంది. చేతిలో కాగితం ఉండాలనే నేను ఒక్కటైనా కొనమనేది.

సెకండ్ హ్యాండ్ అయితే సగం ధర కూడా ఉండదు. కొనేటప్పుడు మానసిక రుగ్మతల అధ్యాయం తీసి చూడమనండి. రోగ నిర్ణయానికి అమెరికా వాళ్లు వాడే డీఎస్‌ఎం అనే గ్రంథం ఐదో ముద్రణ 2013లో వచ్చింది. పుస్తకంలో ఇంకా డీఎస్‌ఎం నాలుగు అని ఉంటే, ఆస్పెర్గర్ సిండ్రోమ్‌ను విడి జబ్బుగా చెప్తుంటే, ఆ అధ్యాయం పాతబడింది. ఐదో దాంట్లో దాన్ని ఆటిజం స్పెక్ట్రమ్‌లో కలిపేశారు. అంతమాత్రాన పుస్తకం వదలక్కర్లేదు, బేరమాడి తగ్గించుకుని, ఆ ఒక్క అధ్యాయం ఓపెన్‌స్టాక్స్‌లో చదివితే సరి.

పాత పుస్తకాల్లో ఇంకో కథ ఉంటుంది. 1964లో న్యూయార్క్‌లో కిట్టీ జెనోవీస్ అనే యువతిని పొడిచి చంపుతుంటే 38 మంది కిటికీల్లోంచి చూస్తూ ఎవరూ కదల్లేదని. గుంపులో ఉన్న మనిషి ఎందుకు సాయం చెయ్యడు అన్న పరిశోధన అక్కడే మొదలైంది. ఆ పరిశోధన నిలబడింది గానీ ఆ 38 మంది కథ నిలబడలేదు. అంతమంది చూశారనడానికి ఆధారం లేదని 2007లో పరిశోధకులు తేల్చారు, మొదట ఆ వార్త వేసిన పత్రికే తమ కథనంలో తప్పులున్నాయని 2016లో ఒప్పుకుంది. పాఠ్యపుస్తకంలో ఉన్నదంతా వేదం కాదని మీ పాపకి మొదటి సంవత్సరంలోనే తెలిస్తే నాకు సంతోషం. ఈ సబ్జెక్టులో అనుమానం రావడం తెలివితక్కువతనం కాదు.

మన దగ్గర పిల్లలకి ఇంకో ఇబ్బంది ఉంది. పుస్తకం నిండా కసీనో మెషిన్లు, బేస్‌బాల్, థాంక్స్‌గివింగ్. చదివిన ప్రతిసారీ ఇది మన సంగతి కాదనిపిస్తుంది. కొంతవరకు నిజమే కూడా. ప్రయోగాల్లో పాల్గొన్నవాళ్లలో ఎక్కువమంది పాశ్చాత్య దేశాల విద్యార్థులేనని 2010లో పరిశోధకులే గట్టిగా విమర్శించారు. జోన్ మిల్లర్ అనే ఆవిడ 1984లో షికాగో వాళ్లనీ మన మైసూరు వాళ్లనీ పోల్చి చూశారు. ఎవరైనా ఫలానా పని ఎందుకు చేశారని అడిగితే అమెరికన్ పెద్దలు ఎక్కువగా మనిషి గుణం మీద పెట్టారు, మైసూరు పెద్దలు ఎక్కువగా పరిస్థితి మీద పెట్టారు. చిన్నపిల్లల్లో అంత తేడా లేదు, వయసు పెరిగేకొద్దీ పెరిగింది. అందుకే నేను పిల్లలకి ఒక పని చెప్తాను. పుస్తకంలో ప్రతి ఉదాహరణ పక్కనా మార్జిన్‌లో మన ఊరి ఉదాహరణ ఒకటి పెన్సిల్‌తో రాయాలి. కసీనో మెషిన్ దగ్గర రమ్మీ యాప్ రాసుకోవచ్చు. ఎన్నో ఆటకి డబ్బొస్తుందో తెలియకపోవడం రెండింట్లోనూ ఒకటే. ఒక ఉదాహరణకి మన దగ్గర జోడీ దొరక్కపోతే అక్కడ ప్రశ్నార్థకం పెట్టి మేడమ్‌ని అడగాలి.

చదివే పద్ధతి గురించి ఒక్కమాట. మొన్నామధ్య బొబ్బిలి నుంచి ఒకమ్మాయి పుస్తకం పట్టుకొచ్చింది. స్మృతి (జ్ఞాపకశక్తి) అధ్యాయం మొత్తం పసుపు హైలైటర్. తెల్లగా మిగిలిన లైను వెతుక్కోవాలి. పుస్తకం మూసి, నాలుగు వాక్యాల్లో ఏముందో చెప్పమంటే ఆ పిల్ల కళ్లలో నీళ్లు తిరిగాయి. ‘నాలుగుసార్లు చదివాను సార్’ అంది. తన తప్పు కాదు. అదే అధ్యాయంలో రోడిగర్, కార్పికే అనే ఇద్దరు 2006లో ప్రచురించిన ప్రయోగం ఉంది. ఒక పేరాని కొందరు రెండుసార్లు చదివారు, కొందరు ఒకసారి చదివి రెండోసారి చూడకుండా గుర్తున్నది రాశారు. ఐదు నిమిషాల తర్వాత అడిగితే రెండుసార్లు చదివినవాళ్లదే పైచేయి. వారం తర్వాత వాళ్లకి 42 శాతం గుర్తుంది, రాసినవాళ్లకి 56 శాతం. ఆ పేజీని కూడా ఆ పిల్ల పసుపు చేసేసింది, కానీ పద్ధతి మార్చుకోలేదు. మీ పాపకి చెప్పండి, పేజీ చదవడం, మూసెయ్యడం, తెల్లకాగితం మీద రాయడం. ఇంగ్లీషు రాకపోతే తెలుగులో రాసినా పర్లేదు, ముందు విషయం పట్టుబడాలి.

పుస్తకం చివర్లో స్టాటిస్టిక్స్ అనుబంధం ఉంటుంది. దాన్ని ఎవరూ తెరవరు. బైపీసీ నుంచి వచ్చిన పిల్లలు ‘లెక్కలు వదిలించుకున్నాం’ అనుకుని ఉంటారు కాబట్టి అసలే తెరవరు. నా అనుభవంలో ఎమ్మెస్సీలో తడబడేది ఎక్కువగా ఇక్కడే. సగటు, అంకెలు సగటు నుంచి ఎంత చెదిరాయో చెప్పే ప్రామాణిక విచలనం, రెండు విషయాలు ఎంతవరకు కలిసి మారతాయో చెప్పే సహసంబంధం, ఈ మూడు మొదటి సంవత్సరంలోనే చేత్తో లెక్కవెయ్యడం రావాలి.

ఉద్యోగం సంగతి దాచకుండా చెప్తాను. ఒట్టి డిగ్రీతో సైకాలజిస్టు అన్న బోర్డు పెట్టుకోలేరు. మందులు రాసే సైకియాట్రిస్టు కావాలంటే ఎంబీబీఎస్ చేసి ఎండీ చెయ్యాలి, అది వేరే దారి. మీ పాప దారిలో ముందు పీజీ. విశాఖలో ఆంధ్రా యూనివర్సిటీ సైకాలజీ విభాగం కోనేరు రామకృష్ణారావుగారు 1967లో మొదలుపెట్టింది, మనకి అదే దగ్గర, పీజీసెట్ రాయాలి. ఆసుపత్రిలో క్లినికల్ సైకాలజిస్టు కావాలంటే రిహాబిలిటేషన్ కౌన్సిల్ ఆఫ్ ఇండియా గుర్తించిన కోర్సు తప్పనిసరి. ఈ కోర్సుల పేర్లూ, నిబంధనలూ ఇప్పుడు మారుతున్నాయి. ఫీజు కట్టే ముందు ఆ కాలేజీ, ఆ కోర్సు ఆ ఏడాది కౌన్సిల్ జాబితాలో ఉన్నాయో లేదో వాళ్ల వెబ్‌సైట్లో మీ కళ్లతో చూడండి, బ్రోచర్ నమ్మొద్దు. స్కూలు కౌన్సెలింగ్, కంపెనీల హెచ్‌ఆర్, స్వచ్ఛంద సంస్థలు, బోధన కూడా ఉన్నాయి. జీతాలు మొదట్లో తక్కువే. ఐదారేళ్లు చదివించే ఓపిక ఇంట్లో ఉందా అన్నది మీరూ మీ పాపా కూర్చుని తేల్చుకోవాలి. బంధువులతో కాదు. ‘పిచ్చోళ్ల చదువు’ అన్నవాళ్లకి, 2018లో తిత్లీ తుఫాను తర్వాత ఉద్దానంలో కొబ్బరితోటలు పోగొట్టుకున్న రైతు రాత్రుళ్లు ఎందుకు నిద్రపోలేకపోయాడో అడగండి. అది కూడా ఈ సబ్జెక్టే.

ఇప్పుడు మీ డీఎస్సీ పుస్తకాల పని. మీ పాప ఇంగ్లీషులో ‘ఆపరెంట్ కండిషనింగ్’ అని చదివి బిక్కమొహం వేసుకుని కూర్చుంటుంది. మీకు కార్యసాధక నిబంధనం, అదే, ఫలితాన్ని బట్టి ప్రవర్తన నేర్చుకోవడం, నిద్రలో లేపినా తెలుసు. పర్సనాలిటీ మీకు మూర్తిమత్వం, ఇంటెలిజెన్స్ ప్రజ్ఞ, లెర్నింగ్ అభ్యసనం. ఒక రెండువందల పేజీల నోట్‌బుక్ కొని, ఎడమవైపు ఆ పిల్ల ఇంగ్లీషు మాట, కుడివైపు మీ గైడులోంచి తెలుగు మాట, కింద ఇద్దరూ కలిసి మన ఊరి ఉదాహరణ ఒకటి రాయండి. వారానికి పది మాటలు. తను హాస్టల్లో ఉంటే ఆదివారం ఫోన్‌లో చేయండి. ఒక్క షరతు, మీరు డీఎస్సీ మాస్టారిలా బిట్లు అడగొద్దు. ‘ఎందుకు’ అని అడగండి. సంక్రాంతి సెలవులకి వచ్చినప్పుడు ఆ నోట్‌బుక్ పట్టుకుని ఇద్దరూ ఒకసారి విజయనగరం రండి, స్టాటిస్టిక్స్‌లో ఎక్కడ ఆగిందో చూసి మిగతాది అప్పుడు మాట్లాడుకుందాం.