పెదనాన్న తప్పులు దిద్దే మంత్రిగారికి

ఉత్తరం: మాది గుంటూరు. నాన్న పోయాక నన్ను పెంచింది పెదనాన్నే. పదహారేళ్లుగా ఆయన మిర్చి కమీషన్ కొట్లో లెక్కలు, రైతులు, బ్యాంకు అన్నీ నేనే చూస్తున్నాను. జీతమంటూ లేదు, అవసరానికి తీసుకోమంటారు. రాత్రిళ్లు ఒక నవల రాస్తున్నాను. అందులో మహామంత్రికి కాలాన్ని వెనక్కి తిప్పే విద్య తెలుసు. రాజు తప్పు చేసినప్పుడల్లా ఆ రోజును చెరిపేసి మళ్లీ నడిపిస్తాడు. ఆ సంగతి రాజ్యంలో అతనొక్కడికే గుర్తుంటుంది. తిప్పిన ప్రతిసారీ అతని ఆయుష్షులో ఏడాది తరిగిపోతుంది. ఇప్పుడు పరదేశం నుంచి యువరాజు వచ్చి గద్దెనెక్కబోతున్నాడు. మంత్రి కాలం తిప్పి కిరీటం తనే పెట్టుకోవాలా, విధేయుడిగా మిగిలిపోవాలా? ముగింపు తేలక నిద్ర పట్టడం లేదు. పెదనాన్న కొడుకు, మా అన్నయ్య, అమెరికా నుంచి వచ్చేస్తున్నాడు, కొట్టు తనే చూసుకుంటాడట. రాత్రిళ్లు ఈ రాతలేంటని నా భార్య గొడవ. పోయినేడాది రైతులకు డబ్బు సర్దడానికి వాళ్లమ్మ పెట్టిన గాజులు తాకట్టు పెట్టాను. పెదనాన్నకు తెలియదు.

జవాబు: కిరీటం ఎవరు పెట్టుకుంటే ఏం లెండి. ఉత్తరం నిండా మంత్రి గురించి రాసి, గాజుల సంగతి చివర్లో ఒక్క ముక్కలో తేల్చేశారు. నేను అక్కడి నుంచే మొదలుపెడతాను.

ఆ రోజు డబ్బు ఎందుకు తక్కువ పడిందో మీరు రాయలేదు, ఊహించగలను. పెదనాన్నగారు మొహమాటానికి ఏ వ్యాపారికో అరువు మీద మిర్చి టిక్కీలు (బస్తాలు) వదిలేసి ఉంటారు. అమ్మకం లెక్క రాసిన పట్టీ చేత్తో పట్టుకుని రైతు కొట్టు ముందు కూర్చున్నాడు. మీరు ఇంటికెళ్లి గాజులు తెచ్చారు. సాయంత్రానికి అంతా సర్దుకుంది. పెదనాన్నగారి లెక్కలో ఆ రోజు ఏ తప్పూ జరగలేదు. మీ నవల్లో కాలం తిప్పడమంటే ఇదే కదండీ. ఇక్కడ తరిగింది మాత్రం మీ ఆవిడ పుట్టింటి బంగారం.

మీ చిక్కంతా పెదనాన్నతోనే. ఆయన చెడ్డవారని అనడం లేదు. తండ్రి లేని పిల్లాణ్ణి చేరదీశారు, అది పెద్ద రుణమే. పదహారేళ్లు జీతం లేకుండా చేసినా తీరని రుణం ఏముంటుంది? "నువ్వు ఇంట్లోవాడివే" అంటే మీ కడుపు నిండిపోతోంది. డబ్బు దగ్గర ఆ మాట వినబడితే నాకు భయం.

మీకు దగ్గర్లోనే కొండవీడు ఉంది. 1515లో కృష్ణదేవరాయలు ఆ కోట గెలిచాడు, వెనకున్న బుర్ర తిమ్మరుసుది. రాయలు ఆయన్ని అప్పాజీ అనేవాడని మనం చెప్పుకుంటాం. పిలుపుతో సరిపెట్టలేదు, కొండవీటి పాలన తిమ్మరుసు మేనల్లుడు నాదెండ్ల గోపన చేతికి వచ్చింది. అంతటి మంత్రి మీద కూడా, తన కొడుకు చావు విషయంలో అనుమానం వచ్చేసరికి, రాయలు కళ్లు తీయించాడని పోర్చుగీసు గుర్రాల వర్తకుడు న్యూనిజ్ రాశాడు. కన్నకొడుకు మాట వచ్చాక అప్పాజీ అన్న పిలుపు అక్కరకు రాలేదు. మీ పెదనాన్న అంత పని చేస్తారని కాదు (ఈ రోజుల్లో బీరువా తాళాలు అడిగి తీసుకుంటారు, అంతే). అన్నయ్య వచ్చి ఆ కుర్చీలో కూర్చున్న రోజున మీ చేతిలో ఏ కాగితం ఉంటుంది?

ఇందులో మీ పాత్ర కూడా ఉంది, కోపం తెచ్చుకోకండి. ఎవరికీ తెలియకుండా దిద్దడంలో మీకొక గర్వం. "రాజ్యంలో అతనొక్కడికే గుర్తుంటుంది" అని ఎంత మురిపెంగా రాశారో! మీరు ఇలా కప్పిపుచ్చుతుంటే ఆయనకు తన తప్పు ఎలా తెలుస్తుంది, మీ విలువ ఎలా తెలుస్తుంది? కొట్టు దానంతటదే నడుస్తోందనుకుంటున్నారు. అందుకే, ఎవరొచ్చి కూర్చున్నా నడుస్తుందనీ అనుకుంటున్నారు.

ఇక మీ ఆవిడ. మీ మంత్రికి భార్య ఉందో లేదో కూడా మీరు చెప్పలేదు. ఆవిడ గొడవ రాతల మీదేనని మీరెలా అనుకున్నారో నాకర్థం కాలేదు.

ఎండాకాలం సెలవులకు మిర్చి యార్డు మూస్తారు కదా, అన్నయ్య విమానం దిగకముందే పెదనాన్నతో కూర్చోండి. ముందు తాకట్టు చీటీ ఆయన ముందు పెట్టండి. ఏ రైతుకు ఎంత ఇచ్చారో రాసి చూపించండి. కొట్టు డబ్బుతో గాజులు విడిపించమనండి. ఆ తర్వాత నెల జీతమా, కమీషన్లో వాటానా అన్నది కాగితం మీద తేల్చుకోండి. ఆయన నొచ్చుకుంటారు, "నిన్నెప్పుడైనా పరాయివాడిలా చూశానా" అంటారు. అప్పుడు కరిగిపోయి "అబ్బే, ఊరికే అన్నాను" అన్నారో, ఆయుష్షులో మరో ఏడాది పోయినట్టే. కుదరదంటే, నమ్మకంగా లెక్క రాసేవాడు కావాల్సిన కొట్లు యార్డులో చాలా ఉన్నాయి. పెద్దతనంలో ఆయన్ని చూసుకోవాల్సిన బాధ్యత మీదే, దానికి తిరుగులేదు. ఏ కొట్లో పనిచేస్తూ అయినా చూసుకోవచ్చు.

పెద్దమ్మను కూడా దగ్గర కూర్చోబెట్టండి. కోడలి చేతులకు గాజులు లేని సంగతి ఆవిడ ఎప్పుడో గమనించి ఉంటుంది.