కామసూత్రం భంగిమల పుస్తకమేనా?

బరంపురం, పర్లాకిమిడి ప్రాంతాల తెలుగువారు కోణార్క చూసివచ్చాక తరచుగా అడిగే ప్రశ్న ఇది. అక్కడి శిల్పాలు కామసూత్రానికి వేసిన బొమ్మలేనని చాలామంది అనుకుంటారు. కోణార్క 13వ శతాబ్దంలో గాంగరాజు నరసింహదేవుడు కట్టించిన ఆలయం కాగా, వాత్స్యాయనుని గ్రంథం అంతకు సుమారు వెయ్యేళ్ల ముందుదని పండితుల సాధారణాభిప్రాయం.

గ్రంథంలోని 7 అధికరణాలలో (భాగాలలో) సంభోగానికి కేటాయించినది సాంప్రయోగికం ఒక్కటే, భంగిమలు అందులోనూ కొంతభాగమే. మిగిలినవి వివాహం, గృహిణి నడవడి, పరస్త్రీ వ్యామోహం, వేశ్యల జీవనం వంటివాటిని చర్చిస్తాయి. నాకు అన్నిటికంటె రుచించేది మొదటి అధికరణంలోని నాగరకుని పడకగది: మెత్తని శయ్య, పూలదండలు, మాదీఫలపు తొక్క, తాంబూలం, నేలమీద తమ్మపడిగ (ఉమ్మే పాత్ర), చిలకకొయ్యకు తగిలించిన వీణ, చిత్రఫలకం, ఏదో ఒక పుస్తకం. ఇది సంపన్నుడైన నగరవాసి జీవితమే తప్ప ఆనాటి సామాన్యుడిది కాదు.

మోటు శృంగారాన్ని గ్రంథకర్త మెచ్చలేదు. కుంతల దేశపు శాతవాహనరాజు శాతకర్ణి సురతవేళ ‘కర్తరి’ అనే దెబ్బతో మలయవతీ మహాదేవి ప్రాణం తీశాడని చెబుతూ, దాక్షిణాత్యుల ఆ అలవాటును అనార్యమని నిందించాడు. శాతవాహనుల పేరు కనిపించే ఈ వాక్యమే గ్రంథకాలాన్ని నిర్ణయించడానికి ముఖ్యాధారాలలో ఒకటైంది.