గాలిపటం లేవగానే కుడివైపు గింగిరాలు కొట్టి పడిపోతుంటే

లోపం గాలిలో కాదు, తూకంలో ఉంది. మీ పాప, బాబుతో గాలిపటం ఎగరేస్తుంటే, పాప వదిలిన ప్రతిసారీ అది కుడివైపే గింగిరాలు కొడుతోందని అడిగారు కదా, కుడి రెక్క బరువెక్కింది.

1. ముందు సూత్రం, అంటే పటానికి పైనా కిందా కట్టి ఎగరేసే దారాన్ని తగిలించే జంట దారం చూడండి. పై ముడి రెండు పుల్లలు కలిసే చోట, కింది ముడి తోకకి నాలుగు వేళ్ల పైన. కింది దారం పై దారం కంటే అర అంగుళం పొడుగుండాలి. పొట్టిదైతే పటం గాలికి అడ్డంగా నిలబడి గిరగిరా తిరుగుతుంది.

2. చాలామంది వదిలేసేది ఇదే. గాలి తగలని చోట సూత్రం రెండు దారాలూ కలిసే ముడి పట్టుకుని పటాన్ని వేలాడదీయండి. ఏ రెక్క వాలితే దాని ఎదుటి రెక్క కొసన, వంపు పుల్లకి గుడ్డపీలిక కట్టండి. రెండూ సమంగా నిలిచేదాకా పీలికని కొంచెం కొంచెంగా కత్తిరించాలి. ఈ పని పాపకే ఇవ్వండి. తను సరిచేసిన పటం ఎగిరితే పిల్లలకి విసుగు రాదు.

3. గాలి మీ వీపుకి తగలాలి. పాప 15 మీటర్ల దూరంలో మీకెదురుగా నిలబడి, దారం బిగిశాకే వదలాలి. దారం చుట్టే చరఖా బాబుకి ఇవ్వండి.

4. మూతి పైకుంటేనే లాగండి. కిందికి తిరిగితే దారం వదులు చేయండి.

నూలు దారమే కొనండి. నైలాన్ మాంజాని 2017లోనే దేశమంతా నిషేధించారు. వేళ్లూ తెగుతాయి, పిట్టల రెక్కలూ తెగుతాయి. కరెంటు తీగలకి చిక్కిన పటాన్ని మాత్రం లాగొద్దు, వదిలేయండి.